చెంచా ఎవరి చేతిలో ఉంది? అమెరికన్ సాహిత్యాన్ని వంటింటి దారిన చదివే పద్ధతి

అమెరికన్ సాహిత్యం ఎక్కడ మొదలుపెట్టాలని అడిగితే చాలామంది రచయితల జాబితా చేతిలో పెడతారు. నేను ఒక వంటకం పేరు చెబుతాను. రచయిత వెంట వెళ్తే ఆయన చూపించదలచుకున్నదే చూస్తాం. వంటకం వెంట వెళ్తే కవి గిన్నె దగ్గర బయలుదేరి బానిస పిల్లల తొట్టి దాకా, అక్కడి నుంచి అడవిలో ఒంటరి గుడిసె దాకా వెళ్లి వస్తాం. ఆ దారిలో వంటపుస్తకం, కావ్యం, ఆత్మకథ ఒకదాన్నొకటి రాసుకుంటూ ఎదురవుతాయి. వంట గురించిన రాత వేరు, సాహిత్యం వేరు అని గ్రంథాలయాల అరలు చెప్పే మాటను మొదటి వారంలోనే పక్కన పెట్టేస్తారు.

ముందుగా ఒక గీతల నోటుపుస్తకం తీసుకుని నిలువుగా ఐదు వరుసలు గీయండి. ఎవరు వండారు, ఎవరు తిన్నారు, దేనితో తిన్నారు, ఖర్చు ఎవరిది, గిన్నెలు ఎవరు కడిగారు. పుస్తకంలో తిండి కనిపించినప్పుడల్లా ఈ ఐదూ నింపడానికి ప్రయత్నించండి. చివరి వరుస చాలా పేజీలలో ఖాళీగానే ఉండిపోతుంది. ఇంట్లో గిన్నెలు తోమేది నేనే కాబట్టి ఆ ఖాళీ నా కంట్లో త్వరగా పడుతుంది. మీకూ కొన్నాళ్లకు అలవాటవుతుంది.

మొదటి వంటకం: మొక్కజొన్న పిండి జావ

కాగే నీళ్లలో మొక్కజొన్న పిండి వేసి, ఉండకట్టకుండా కలియబెడుతూ చిక్కబరిస్తే తయారయ్యే జావ ఇది. న్యూ ఇంగ్లండ్‌లో దీన్ని హేస్టీ పుడ్డింగ్ అన్నారు, మరికొన్ని చోట్ల మష్ అన్నారు. ఇంత చవకైన తిండి మరొకటి లేదు కాబట్టే అందరి పుస్తకాలలోకీ వచ్చింది.

మొదట జోయెల్ బార్లో కావ్యం చదవండి. కనెక్టికట్‌లో పుట్టిన ఈ కవి 1793 జనవరిలో ఇప్పటి ఫ్రాన్స్‌లోని సవాయ్ ప్రాంతపు షాంబెరీలో ఉన్నాడు. అక్కడ ఈ జావ ఎదురుపడేసరికి ఇంటి మీద బెంగ పుట్టి, ద హేస్టీ పుడ్డింగ్ అనే మూడు సర్గల హాస్య కావ్యం రాశాడు. అది 1796లో అచ్చయింది. మొదటి రెండు సర్గలూ కొంచెం వేగంగా చదివినా పరవాలేదు. మూడో సర్గలో మాత్రం తొందరపడకండి. అది తినే పద్ధతి గురించినది. గిన్నెలో ముందు పాలు నిండుగా పోసుకోవాలట, వాటిలోకి జావను కొంచెం కొంచెంగా జారవిడవాలట. ఇక చెంచాల మీద చర్చ మొదలవుతుంది. ఫ్రెంచివాళ్ల లోతైన చెంచా పలచని సూపుకు సరిపోతుంది కానీ, లోహానికి అతుక్కునే చిక్కటి జావకు పనికిరాదంటాడు. పెదవులు ఊడ్చుకు రావడానికి వీలుగా వంపు తక్కువగా ఉండాలంటాడు. తన పెదవులు వెయ్యి చెంచాలు రుచి చూశాయని గొప్పలు పోతాడు. నవ్వు వస్తుంది, నవ్వించడానికే రాశాడు. నోటుపుస్తకంలో మూడో వరుసలో "చెంచా, ఎంచుకునే వీలుంది" అని రాసుకోండి.

తరవాత, బానిసత్వం నుంచి తప్పించుకుని వచ్చిన ఫ్రెడరిక్ డగ్లస్ 1845లో ప్రచురించిన ఆత్మకథ తీయండి. ఐదో అధ్యాయం చాలు, కొద్ది పేజీలే. మేరీలాండ్ తూర్పు తీరాన కర్నల్ లాయిడ్ తోటలో బానిస పిల్లలు తినేది కూడా ఉడికించిన ముతక మొక్కజొన్న పిండే. దాన్ని పెద్ద చెక్క తొట్టిలో పోసి నేల మీద పెట్టేవారు. పందులను పిలిచినట్టు పిల్లలను పిలిచేవారు. కొందరు ఆల్చిప్పలతో, కొందరు పైకప్పుకు వేసే చెక్కపలకల ముక్కలతో, కొందరు వట్టి చేతులతో తినేవారు. చెంచా ఒక్కరికీ లేదు. ఆ మాట డగ్లస్ విడిగా, స్పష్టంగా చెబుతాడు. వేగంగా తిన్నవాడికే ఎక్కువ దొరికేది, బలమున్నవాడికే మంచి చోటు దక్కేది.

ఈ రెండు భాగాలనూ ఒకే పూట చదవమని పట్టుబడతాను. రోజుల తేడాతో చదివితే బార్లో నవ్వు డగ్లస్ తొట్టి దాకా చేరదు. ఒకే పూట చదివితే ఆ వెయ్యి చెంచాలు గొంతులో అడ్డుపడతాయి. అలాగని బార్లోను తిట్టి పక్కన పెట్టకండి. దేశం కొత్తగా ఏర్పడిన రోజుల్లో యూరప్ విందుల ముందు మన పూటకూడు ఏమీ తీసిపోదని చెప్పడానికి ధైర్యం కావాలి. ఆ ధైర్యం నిజం, తొట్టీ నిజం. రెండూ ఒకే పిండిలోంచి వచ్చాయి.

మూడో పుస్తకం థోరో రాసిన వాల్డెన్, ఆ పేరున్న చెరువు పక్కన గుడిసె వేసుకుని ఒంటరిగా బతికిన కథ. అచ్చయింది 1854లో అయినా, ఆయన ఆ చెరువు గట్టుకు చేరింది 1845 జులై 4న. డగ్లస్ పుస్తకం వచ్చిన సంవత్సరమే. మొదటి అధ్యాయంలో రొట్టె దగ్గర ఆగండి. మొక్కజొన్న పిండిలో ఉప్పు కలిపి, ఆరుబయట నిప్పుల ముందు చెక్కపలక మీద కాల్చుకున్నానని, పొగ వాసనా పైన్ చెక్క వాసనా వచ్చేవని రాస్తాడు. అది డగ్లస్ చెప్పిన పైకప్పు పలకే. అక్కడ పిల్లలు దానితో జావ తోడుకున్నారు, ఇక్కడ ఒక పట్టభద్రుడు సరళ జీవితం కోసం దాని మీద రొట్టె కాల్చుకున్నాడు. ఒక వస్తువును ఇలా పుస్తకం నుంచి పుస్తకానికి వెంబడించడమే ఈ పద్ధతిలో అసలు పని.

అదే అధ్యాయంలో థోరో తిండి ఖర్చుల పట్టీ ఉంది. ఎనిమిది నెలలకు 8.74 డాలర్లు. బియ్యానికి 1.73½, మొలాసిస్‌కు (చక్కెర తీయగా మిగిలే నల్లటి చెరకు పాకం) 1.73, గుమ్మడికాయకు 6 సెంట్లు, పుచ్చకాయకు 2 సెంట్లు. కొన్ని వస్తువులను కలిపి బ్రాకెట్ వేసి, ఇవన్నీ విఫలమైన ప్రయోగాలు అని పక్కన రాస్తాడు. థోరో ఉపదేశాలు నాకు అప్పుడప్పుడు విసుగు పుట్టిస్తాయి కానీ ఈ పట్టీని మాత్రం ఎన్నిసార్లయినా చదువుతాను. ఎక్కువ డబ్బు పోయింది బియ్యానికే. భారతీయ తత్త్వశాస్త్రాన్ని అంతగా ప్రేమించే తాను ముఖ్యంగా అన్నం మీద బతకడం సముచితమే కదా అంటాడు. అన్నం తినేవాళ్లం మనం ముచ్చటపడాల్సిన వాక్యమే. కానీ నాలుగో వరుస నింపబోతే చెయ్యి ఆగుతుంది. ఆ కాలంలో అమెరికా బియ్యం ప్రధానంగా దక్షిణ కెరొలైనా, జార్జియా తీరాల్లో బానిసలు పండించిన పొలాల నుంచి వచ్చేది. బానిసత్వాన్ని సమర్థించే ప్రభుత్వానికి పన్ను కట్టనని 1846లో జైలుకు వెళ్లిన మనిషి పట్టీలో మొదటి వస్తువు అది. ఆయన దీని గురించి ఏమీ అనడు. అందుకే మీరు నోటుపుస్తకంలో రాసుకోవాలి.

ఇక వంటపుస్తకం. అమీలియా సిమన్స్ రాసిన అమెరికన్ కుకరీ 1796లో హార్ట్‌ఫర్డ్‌లో వచ్చింది. అమెరికన్ రాసి, అమెరికాలో అచ్చయిన మొదటి వంటపుస్తకంగా దీన్ని చెబుతారు. బార్లో కావ్యం అచ్చయిందీ ఆ సంవత్సరమే. ముఖపత్రం మీద ఆమె తన పేరు కింద "అమెరికన్ అనాథ" అని వేసుకుంది. ఆ ఒక్క పంక్తి ఆత్మకథకు తక్కువేమీ కాదు. ఆమె చెప్పిన ఇండియన్ పుడ్డింగ్ చూడండి. మరిగిన పాలు మూడు పింట్లు, మొక్కజొన్న పిండి ఏడు చెంచాలు, ఏడు గుడ్లు, అర పౌను ఎండుద్రాక్ష, నాలుగు ఔన్సుల వెన్న, సుగంధ ద్రవ్యాలు, చక్కెర, గంటన్నర బేకింగ్. ఇందులో పిండి ఎంత, దాన్ని కప్పేసిన సంపద ఎంత అని చూస్తే చాలు, ఇది ఎవరి బల్ల మీదికి వెళ్లేదో తెలిసిపోతుంది.

ఒకసారి జావ వండి చూడండి. నాలుగు కప్పుల నీళ్లకు ఒక కప్పు మొక్కజొన్న పిండి, ఒక చిన్న చెంచా ఉప్పు. పిండిని ముందు ఒక కప్పు చన్నీళ్లలో కలిపి, మిగిలిన మూడు కప్పులూ తెర్లుతున్నప్పుడు సన్నని ధారగా పోస్తూ కలపాలి. సెగ తగ్గించి, అడుగు అంటకుండా అరగంట తిప్పుతూ ఉండాలి. బుడగలు పగిలి చేతి మీద చిందుతాయి, జాగ్రత్త. దించాక లోతైన చెంచాతో ఒకసారి, లోతు తక్కువైన చెంచాతో ఒకసారి తినండి. లోతైనదాని అడుగున జావ అతుక్కుని ఉండిపోతుంది. బార్లో గమనిక అక్షరాలా నిజం. ఆ తరవాత, చల్లారక ముందే, చేత్తో తిని చూడండి. వేగంగా తిన్నవాడికే ఎక్కువ దొరికేదన్న మాటలో వేలు కాలడం కూడా కలిసి ఉందేమో అని నాకు అనిపించింది పొయ్యి దగ్గరే. డగ్లస్ ఆ సంగతి రాయలేదు, కాబట్టి దాన్ని ఊహగానే రాసుకున్నాను.

వంటపుస్తకంలో మనిషి గొంతు వినడం

వంటపుస్తకాలను వరుసగా చదవకండి, నిద్ర వస్తుంది. ముందుమాట చదవండి, చివరి వంటకం చదవండి, మధ్యలో ఎక్కడైనా రచయిత తన గురించి మాట జారిందేమో వెతకండి.

ముందుమాటకు మలిండా రసెల్‌ను మించిన ఉదాహరణ లేదు. ఆమె 1866లో మిషిగన్‌లోని పాపా అనే ఊళ్లో వంటపుస్తకం అచ్చు వేయించింది. ఆఫ్రికన్ అమెరికన్ స్త్రీ రాసిన వంటపుస్తకాల్లో ఇప్పటివరకు తెలిసినంతలో ఇదే మొదటిది. ముందుమాటలో తన పుట్టుక, వైధవ్యం, అంగవైకల్యం ఉన్న కొడుకు, దోపిడీలో పోయిన డబ్బు, టెనసీ వదిలి రావలసి రావడం అన్నీ పొడి మాటల్లో చెబుతుంది. తిరిగి ఇంటికి వెళ్లడానికి డబ్బు కోసమే ఈ పుస్తకం అంటుంది. పేజీ తిప్పగానే కేకులు, పేస్ట్రీలు. ఆ తిప్పిన పేజీకీ ఈ పేజీకీ మధ్య ఒక నవలకు సరిపడా కథ ఉంది.

చివరి వంటకానికి ఆబీ ఫిషర్. బానిసత్వంలో పుట్టి, తరవాత శాన్ ఫ్రాన్సిస్కోలో స్థిరపడిన ఈమెకు చదవడం రాయడం రాదు. 1881లో వచ్చిన తన పుస్తకాన్ని నోటితో చెప్పి రాయించింది. రాసుకున్నవారికి దక్షిణాది ఉచ్చారణ పూర్తిగా పట్టుబడలేదు. అందుకే జంబలాయా అనే అన్నం వంటకం కాస్తా "జంబర్లీ" అయింది, మొక్కజొన్న, చిక్కుడు గింజల సకొటాష్ "సర్క్యూట్ హ్యాష్" అయింది. అచ్చుతప్పులని దిద్దేసుకోకండి. ఆమె పలికిన తీరు మనకు వినిపించేది ఆ తప్పుల్లోంచే. పుస్తకం చివర పసిపిల్లల జావ ఉంది. పదకొండుమంది పిల్లలను కని, అందరినీ ఈ ఆహారంతోనే పెంచానని అక్కడ చెబుతుంది. కొలతల మధ్య ఒక జీవితం అలా వచ్చి కూర్చుంటుంది.

దీనికి పూర్తి వ్యతిరేకం ఫానీ ఫార్మర్. 1896లో బాస్టన్ నుంచి వచ్చిన ఆమె పుస్తకం కప్పునూ చెంచానూ అంచు సమానంగా గీసి కొలవమంటుంది. గొంతు దాదాపు వినిపించదు, అది ఆమె ఉద్దేశం కూడా. ఆ పుస్తకాన్ని తిరగేసి తెలుసుకుంటే సరిపోతుంది.

ఆకలిని చదవడం

ఇరవయ్యో శతాబ్దానికి వచ్చాక ఎం. ఎఫ్. కె. ఫిషర్ దగ్గర ఎక్కువ సమయం గడపండి. తోటి రచయితలు ఈమె వచనాన్ని మెచ్చుకున్నారు కానీ, పుస్తకాల దుకాణాలు చాలాకాలం వంటల అరలోనే ఉంచాయి. 1943లో వచ్చిన ద గాస్ట్రనామికల్ మీ ముందుమాట నుంచి మొదలుపెట్టాలి. అధికారం గురించో ప్రేమ గురించో రాయకుండా తిండి గురించి ఎందుకు రాస్తావని అడిగేవాళ్లకు ఆమె సమాధానం అది. తిండి, భద్రత, ప్రేమ అనే మూడు అవసరాలూ విడదీయలేనంతగా కలిసిపోయి ఉంటాయంటుంది. తరవాతి అధ్యాయాల్లో వచ్చే షెబ్ర్ అనే వ్యక్తి ఆమె రెండో భర్త. పుస్తకం వచ్చేనాటికి ఆయన లేడు. ఇది తెలిసి చదివితే సాదాసీదా భోజనాల వర్ణనలు వేరేగా చదువుకుంటాం.

1942లో యుద్ధకాలపు కరువు మీద ఆమె రాసిన హౌ టు కుక్ ఎ వుల్ఫ్ పుస్తకాన్ని 1951 సవరణ ప్రతిలోనే చదవండి. పాత వాక్యాలను చెరిపేయకుండా, చదరపు బ్రాకెట్లలో తనతో తానే వాదించుకుంటుంది. అందులో చేతిలో డబ్బే లేనివారి కోసం ఒక అధ్యాయం ఉంది. ముందు ఎవరి దగ్గరైనా యాభై సెంట్లు అప్పు తెచ్చుకోమంటుంది. దానితో కొంచెం మాంసం, కూరగాయలు, గింజధాన్యం కొని, అన్నీ కలిపి ఉడికించుకుంటే మూడు రోజుల నుంచి వారం దాకా గడుస్తుందట. అది రుచి కోసం కాదని ఆమే ఒప్పుకుంటుంది. దీన్ని థోరో పట్టీ పక్కన పెట్టండి. రెండూ చవకగా బతకడం గురించే. ఆయన పొదుపును ఎంచుకున్నాడు, ఈమె పాఠకుడికి ఎంచుకునే వీలే లేదు. నా ఓటు ఫిషర్‌కే. ఆకలిగా ఉన్నవాడికి ఆమె ముందు అప్పు ఎలా తెచ్చుకోవాలో చెబుతుంది, నీతి చెప్పదు.

ఇక్కడ ఒక హెచ్చరిక. తిండి కనిపించిన ప్రతిచోటా ప్రతీక వెతకడం చదువుకున్నవాళ్ల జబ్బు. హెమింగ్వే 1925లో ప్రచురించిన బిగ్ టూ హార్టెడ్ రివర్ కథలో నిక్ అడవిలో గుడారం వేసుకుని, ఒక డబ్బా బీన్స్, ఒక డబ్బా స్పగెటీ కలిపి వేడి చేసుకుంటాడు. పైన టొమాటో కెచప్ పోస్తాడు. కాలుతుందని తెలుసు కాబట్టి చల్లారేదాకా ఆగుతాడు. ఇంత బరువు మోసుకొచ్చాను కనుక ఇవి తినే హక్కు నాకుందని అనుకుంటాడు. బీన్స్ దేనికి ప్రతీక అని అడగకండి. ఒక్కో పని మధ్య ఎంత సేపు గడుస్తోందో చూడండి. యుద్ధం నుంచి వచ్చిన మనిషి కథ ఇది, యుద్ధం మాట ఎక్కడా రాదు. ఆ మనిషి తనను తాను అదుపులో పెట్టుకుంటున్న తీరు మొత్తం ఆ గిన్నె చల్లారడంలో ఉంది.

చికాగో మాంసం కర్మాగారాల మీద అప్టన్ సింక్లెయిర్ రాసిన 1906 నవల ద జంగిల్ గురించి పరీక్షలకు చదివినవారికి కొత్తగా చెప్పేది తక్కువ. కార్మికుల కోసం గుండెను గురిచూస్తే దెబ్బ ప్రజల పొట్టకు తగిలిందని ఆయనే వాపోయాడు. మాంసం తనిఖీ చట్టం, ఆహార ఔషధాల చట్టం ఆ ఏడాదే వచ్చాయి. మీరు చదివేటప్పుడు మాంసం మీద కాకుండా దాన్ని కోసే చేతుల మీద దృష్టి పెడితే ఆయన రాయాలనుకున్న నవల దొరుకుతుంది.

వంటమనిషి వైపు నుంచి మళ్లీ చదవడం

కొన్ని పుస్తకాలు జంటలుగా చదవడానికే ఉన్నాయి. ఆలిస్ బి. టోక్లస్ 1954లో తన వంటపుస్తకం ప్రచురించింది. పారిస్‌లో రచయిత్రి గెర్ట్రూడ్ స్టైన్‌తో గడిపిన జీవితమే అందులో అసలు వంటకం. చేపను చంపడంతో మొదలయ్యే అధ్యాయం హత్యా నవలలా నడుస్తుంది, నవ్వకుండా చదవలేం. ఫ్రాన్స్‌లో తమ దగ్గర పనిచేసినవాళ్ల గురించి ఒక అధ్యాయం ఉంది, వారిలో ఇండోచైనా నుంచి వచ్చిన వంటవాళ్లూ ఉన్నారు. ఆమె వాళ్లను ముచ్చటగా, కాస్త పైనుంచి చూస్తూ వర్ణిస్తుంది. ఆ పేజీలను పట్టుకుని వియత్నాంలో పుట్టిన అమెరికన్ రచయిత్రి మోనిక్ ట్రూంగ్ 2003లో ద బుక్ ఆఫ్ సాల్ట్ నవల రాసింది. అందులో కథ చెప్పేది ఆ ఇంటి వంటవాడే. ముందు టోక్లస్ అధ్యాయం, తరవాత నవల. తలకిందులుగా చదివితే టోక్లస్‌తో నవ్వే అవకాశం పోతుంది, అది అన్యాయం.

ఝుంపా లాహిరి 2003 నవల ద నేమ్‌సేక్ మొదటి పేజీ కూడా ఈ కుప్పలోనే పెడతాను. 1968లో అమెరికాలోని కేంబ్రిడ్జ్‌లో ఒక చిన్న ఇంట్లో, కలకత్తా నుంచి వచ్చిన, నెలలు నిండిన ఆషిమా రైస్ క్రిస్పీలు, వేరుసెనగలు, ఉల్లిపాయ కలిపి ఉప్పు, నిమ్మరసం, పచ్చిమిర్చి వేస్తుంది. ఆవనూనె లేదని వెలితి. మార్క్ ట్వేన్ 1880లో ఎ ట్రాంప్ అబ్రాడ్‌లో యూరప్ హోటల్ తిండితో విసిగి, ఇంటికి చేరగానే తినాల్సిన అమెరికన్ వంటకాల పొడుగాటి జాబితా రాశాడు. ఆయన జాబితా చదివి వెంటనే ఈమె గిన్నె చదవండి. ఇద్దరికీ బెంగ ఒకటే, కానీ ట్వేన్ దగ్గర తిరుగు ప్రయాణపు టికెట్టు ఉంది.

పాత పుస్తకాలు కొననక్కరలేదు. మిషిగన్ స్టేట్ విశ్వవిద్యాలయం పాత అమెరికన్ వంటపుస్తకాలను డిజిటల్ రూపంలో ఉచితంగా పెట్టింది. న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీలో పాత హోటళ్ల మెనూ కార్డుల పెద్ద సేకరణ ఉంది. నవలలో ఎవరైనా హోటల్‌కు వెళ్తే ఆ కాలపు కార్డు ఒకటి తీసి ధరలు చూడండి, నాలుగో వరుస నింపడానికి అంతకంటే మంచి సాధనం లేదు. ఎం. ఎఫ్. కె. ఫిషర్, ట్రూంగ్, లాహిరి పుస్తకాలు మాత్రం కొనాలి, లేదా అరువు తెచ్చుకోవాలి.

జావ అయ్యాక వంటకం మార్చండి. రెండోదానికి ఆయిస్టర్లు, అంటే ఆల్చిప్పల్లోని మాంసం, మంచివి. డగ్లస్ పిల్లల చేతిలోని ఆల్చిప్ప దగ్గర మొదలుపెట్టి, ఎం. ఎఫ్. కె. ఫిషర్ 1941లో ఒక్క ఆయిస్టర్ మీదే రాసిన చిన్న పుస్తకం చదివి, హెమింగ్వే చనిపోయాక 1964లో వచ్చిన పారిస్ జ్ఞాపకాల్లోకి వెళ్లండి. కథ రాయడం పూర్తిచేసిన వెంటనే కెఫేలో కూర్చుని డజను ఆయిస్టర్లు, తెల్ల వైను తెప్పించుకుంటాడు. పేదరికంలో ఉన్నామని పుస్తకమంతా చెబుతాడు కాబట్టి, ఆ డజనుకు డబ్బు ఎక్కడిదో నాలుగో వరుసలో రాయడానికి ప్రయత్నించండి. తేలకపోతే ప్రశ్నార్థకం పెట్టి ముందుకు వెళ్లండి.